నెలకంతు మాటున ఇంటి వెల

హైదరాబాదు మెట్రో స్తంభములపైనను, విజయవాడ రాజమార్గములయందును, విశాఖపట్టణమున సముద్రతీరమునకు పోవు దారులయందును నేడొక వింత ప్రకటన వ్రేలాడుచున్నది. అందు ఇంటి బొమ్మ యుండును, పచ్చిక యుండును, నవ్వుచున్న దంపతులుందురు. ఇంటి వెల మాత్రముండదు. దానికి మారుగా "నెలకు ఇంత మాత్రమే" యను మాట కానవచ్చును. ఆ "ఇంత" యనుచోట అంకె మూరెడున్నది. ఎన్ని నెలలు చెల్లింపవలయునో తెలుపు అంకె చీమతలకాయంత యున్నది. అంగడిలో కందిపప్పు కొను గృహిణి సయితము మొత్తమెంతయని యడుగక సంచి చాపదు. బ్రతుకులోకెల్ల పెద్ద బేరము చేయు గృహస్థు మాత్రము నెలకంతు విని తలయూచి సంతకము చేయుచున్నాడు. ఈ దురలవాటు నెవరు నేర్పిరి? దీనివలన లాభమెవరికి? ఈ ప్రశ్నలనే యీ వారము మా చదువరుల యెదుట నుంచుచున్నాము.

మాటలకంటె లెక్క మేలు. ఒక యుద్యోగి 62 లక్షల 50 వేల రూపాయల వెలగల యింటిని కొనదలచెననుకొందము. ముప్పది లక్షలకు పైబడి డెబ్బదియైదు లక్షల లోపు ఋణములకు ఇంటివెలలో నూటికి 80 వంతులకు మించి యీయరాదని రిజర్వుబ్యాంకు నియమము. కావున బ్యాంకు 50 లక్షలిచ్చును. తక్కిన 12 లక్షల 50 వేలు అతడు తెచ్చుకొనవలయును. స్టాంపు సుంకము, రిజిస్ట్రేషను మొదలగు రుసుములు మన రెండు రాష్ట్రములయందును నూటికి సుమారు 7.5 గనుక, మరి 4 లక్షల 69 వేలును అతని చేతినుండియే పోవలయును. నూటికి 8.5 వడ్డీతో ఇరువది సంవత్సరముల గడువునకు నెలకంతు, అనగా అందరి నోట నానుచున్న ఈఎంఐ, 43,391 రూపాయలగును. ఇట్టి కంతులు 240. వానిని కూడిన 1 కోటి 4 లక్షల 14 వేలు. అసలు 50 లక్షలు పోగా వడ్డీ 54 లక్షల 14 వేలు! బ్యాంకునకిచ్చినదియు, మొదట చేతినుండి పెట్టినదియు కలిపిచూచిన, 62 లక్షల 50 వేల యిల్లు ఆ గృహస్థునకు 1 కోటి 21 లక్షలకు దక్కుచున్నది. ఇంటికి సున్నము కొట్టించినది, పన్ను కట్టినది, అంతస్తుల యింటి సంఘమునకు నెలనెల చెల్లించినది ఇందు చేర్చలేదు.

ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని పెద్దలన్నప్పుడు వారి మనసులో నున్నవి సున్నము, ఇటుక, మేస్త్రీలు మాత్రమే. వారీ లెక్కను చూచియుండరు.

మొత్తమునకంటెను విచారింపదగినది ఆ మొత్తము తీరు క్రమము. తొలినెలలో చెల్లించిన 43,391 రూపాయలలో 35,417 రూపాయలు వడ్డీకి పోవును. అసలులో తగ్గునది 7,974 మాత్రమే. తొలియేడంతయు చెమటోడ్చి 5 లక్షల 20 వేలకు పైగా కట్టినవానికి అసలులో తీరినది లక్ష రూపాయలు సయితము కాదు. కంతులో అసలు భాగము వడ్డీ భాగమును మించుట 143వ కంతునందు గాని సంభవింపదు. అనగా పదునొకండు సంవత్సరముల పది నెలలు గడచిన పిమ్మట. అసలులో సగము తీరుటకు 166 కంతులు కావలయును. పండ్రెండేండ్లు కట్టితిని, సగమునకు పైగా తీరిపోయియుండునని లోలోన సంతసించు గృహస్థులు మా యెఱుకలో ననేకులు కలరు. వారి సంతోషమును చెఱచుట మాకిష్టము లేదు గాని లెక్క మొగమాటమెఱుగదు.

ఇందు బ్యాంకువారి గణితము తప్పని మేమనుట లేదు. మిగిలియున్న అసలుపై వడ్డీ కట్టుట న్యాయమైన పద్ధతియే. మొదట అసలెక్కువ, కావున వడ్డీయు నెక్కువ. ఆ వడ్డీలో కొంత భాగము డిపాజిటుదారులగు పింఛనుదారులకును, వితంతువులకును చేరునదియే. మా యాక్షేపణ గణితముపై గాదు. ఆ గణితమును దాచుటపై. అయిదేండ్లు కట్టిన పిమ్మట ఉద్యోగము మాఱి, ఊరు మాఱి, ఇల్లమ్మవలసివచ్చినవాని గతి యేమి? అతడప్పటికి 26 లక్షలు కట్టియుండును. బ్యాంకునకు ఇంకను 44 లక్షలకు పైగా బాకీపడియుండును. అమ్మకపు సొమ్ములోనుండి ఆ 44 లక్షలు తీసియిచ్చునాడు గాని ఆతనికి నిజము బోధపడదు. ఆ బోధ సంతకము చేయునాడే కలిగింపరాదా? నాటి షావుకారు వడ్డీ లెక్కను ఋణస్థుని మొగము మీదనే చెప్పెడివాడు, కటువుగా చెప్పెడివాడు, కాని చెప్పెడివాడు. నేటి ఋణప్రతినిధి చల్లని గదిలో కూర్చుండబెట్టి కాఫీ యిచ్చి, అర్హత యెంతయో మాత్రము చెప్పుచున్నాడు. ఎంత తీర్చగలడని కాక, ఎంత అప్పు దొరకునని అర్హతను కొలుచుట నేటి మర్యాద!

గడువు విషయమున జరుగు మాయ యింతకంటె పెద్దది. కంతు బరువైనదని గృహస్థు వెనుకాడినచో, గడువు పెంచెదమని ప్రతినిధి యభయమిచ్చును. ఇరువది యేండ్లను ముప్పది చేసిన కంతు 43,391 నుండి 38,446కు దిగును. నెలకు 4,945 రూపాయలు మిగిలినవని ఇంటిల్లిపాదియు సంతసింతురు. కాని చెల్లింపు మొత్తము 1 కోటి 4 లక్షలనుండి 1 కోటి 38 లక్షలకు పోయినది. 34 లక్షల 26 వేల రూపాయలు! ఆ సొమ్ముతో నొక బిడ్డ చదువు పూర్తియగును. ముప్పదియైదేండ్ల వయసున అప్పు చేసినవాడు అఱువదియైదవ యేట, జీతము నిలిచిపోయిన పిదపను, కంతు కట్టుచుండును. దీనికి సౌలభ్యమని పేరు.

ఇంతవరకు వడ్డీరేటు కదలదని తలచి లెక్కించితిమి. అది కదలును. మన గృహఋణములలో పెక్కులు మారువడ్డీ ఋణములు. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు క్రొత్తగా ఇచ్చు ఇట్టి ఋణముల వడ్డీని రెపోరేటువంటి బాహ్యప్రమాణముతో ముడిపెట్టవలయునని రిజర్వుబ్యాంకు శాసించినది. 2022 మే నెల మొదలు 2023 ఫిబ్రవరి వరకు ఆ రెపోరేటు నూటికి 4 నుండి 6.5కు ఎక్కినది. వడ్డీ చవుకగా నున్న దినములలో 6.75 చొప్పున 50 లక్షలు ఇరువది యేండ్లకు తీసికొన్నవానిని చూడుడు. కంతు 38,018. రెండేండ్లు క్రమముగా కట్టినాడు. బాకీ 47 లక్షల 46 వేలకు దిగినది. అంతట వడ్డీ రెండున్నర పెరిగి 9.25 ఐనదనుకొందము. (నిజమున మెట్టుమెట్టుగా పెరిగినది, లెక్క సులువునకై ఒక్కుమ్మడి పెరిగినట్లు చూపుచున్నాము.) ఇప్పుడు ఒక్కనెల వడ్డీయే 36,588 రూపాయలు. కంతు మార్చకుండ నుంచినచో అసలుకు చేరునది నెలకు 1,430 మాత్రమే. మిగిలిన గడువు పదునెనిమిది యేండ్లు కావలసియుండగా ముప్పదియైదేండ్లు దాటును!

కంతు మాఱలేదు గదాయని ఆ గృహస్థు నిశ్చింతగా నిద్రించుచుండును. జీతములోనుండి ఎప్పటి సొమ్మే పోవుచున్నది. ఇంట నెవ్వరికిని ఏ మార్పును కానరాదు. కాని యతని నిద్రలోనే పదునేడేండ్ల బానిసత్వము గడువునకు చేరిపోయినది. గడువు మఱీ పొడవై ఉద్యోగవిరమణ వయస్సును దాటినచో నొకనాడు బ్యాంకు మేల్కొని కంతునే పెంచును. ఈ యుపద్రవము దేశమందంతట కలిగిన పిమ్మట, 2023 ఆగస్టు 18న రిజర్వుబ్యాంకు ఒక యుత్తరువు చేసినది. వడ్డీ మాఱునపుడు కంతు పెంచుకొందువా, గడువు పెంచుకొందువా, రెండును కొంత కొంతయా, లేక కొంత సొమ్ము ముందుగా కట్టుదువా యని ఋణస్థుని కోరికకు విడువవలయుననియు, స్థిరవడ్డీకి మాఱు నవకాశమీయవలయుననియు, మూడు నెలలకొకసారి ఎంత అసలు, ఎంత వడ్డీ వసూలైనదో, ఎన్ని కంతులు మిగిలినవో తెలుపవలయుననియు అందున్నది. మంచి యుత్తరువే. ఐనను మన చదువరులలో ఆ మూడు నెలల లెక్కను తెఱచి చూచినవారెందఱు? ఫోనునందు వచ్చిన సందేశమును ప్రకటనయని తుడిచివేసినవారెందఱు? 2025 ఫిబ్రవరి మొదలు జూను వరకు రెపోరేటు నూటికొక రూపాయి తగ్గినది. నాడు పెరిగిన గడువు ఆ తగ్గింపుతో ఎంత కుదించుకొన్నదో బ్యాంకునకు పోయి కనుగొన్నవారెందఱు? పాలకుల నిందించుటకు ముందు మన నిర్లక్ష్యమును గూడ ఒక గడియ నిందించుకొందము.

చిల్లర విషయములను గూర్చి యొక మాట. ఋణముతోబాటు బీమా యొకటి అంటగట్టుదురు. బీమా చెడ్డది కాదు. ఇంటి యజమాని మరణించినచో ఆలుబిడ్డలు వీధిని పడకుండుటకు అది కావలసినదే. కాని లక్షా యేబదివేల ప్రీమియమును చేత నడుగక అప్పులోనే కలిపివేసినచో, 8.5 వడ్డీతో ఇరువది యేండ్లకు అది 3 లక్షల 12 వేలగును. కట్టడము ముగియని యిండ్లకు ప్రీ ఈఎంఐ యను పేరున వడ్డీ మాత్రమే వసూలు చేయు పద్ధతియు నట్టిదియే. బిల్డరు ఆలస్యము చేసిన ప్రతినెలయు గృహస్థు వడ్డీ కట్టుచుండును, ఉన్న యింటికి అద్దెయు కట్టుచుండును. అసలులో ఒక్క రూపాయియు తగ్గదు.

ఇక ప్రతిపక్షమువారి వాదములను వినుదము. అద్దె కట్టుట దండుగ యనునది మొదటిది. మన పట్టణములలో 62 లక్షల యింటికి ఏడాది యద్దె సాధారణముగా రెండు, రెండున్నర లక్షలను మించదు. నెలకు ఇరువది వేల ప్రాంతము. అదే యింటి యప్పుపై తొలినెల వడ్డీ 35,417. అద్దె ఇచ్చిన సొమ్ము తిరిగి రానిచో, వడ్డీ ఇచ్చిన సొమ్ము తిరిగి వచ్చునా? ఇంటివాని కిచ్చినది దండుగయై, బ్యాంకున కిచ్చినది పొదుపెట్లయినదో మాకు బోధపడలేదు. అద్దె యేటేట పెరుగుననుట నిజము; ఇరువది యేండ్ల పిమ్మట ఇల్లు తనదగుననుటయు నిజము. ఆ నిజములను తక్కెడలో నొకవైపు పెట్టుడు, కాదనము. రెండవవైపున కోటి నాలుగు లక్షలను గూడ పెట్టుడు.

రూపాయి విలువ తగ్గిపోవును గనుక కడపటి కంతులు తేలికగునని రెండవ వాదము. ఇది బలమైన వాదమే, ఒప్పుకొనుచున్నాము. ధరలు ఏటేట నూటికి 5 చొప్పున పెరిగినచో, ఇరువది యేండ్ల తరువాతి 43,391 నేటి 16 వేల పైచిలుకుతో సమానము. కాని యిది జీతము ధరలతోబాటు పెరుగువాని విషయమున మాత్రమే. ఏబదియవ యేట ఉద్యోగమూడినవానికి, వ్యాపారము క్షీణించినవానికి రూపాయి చవుకయై యేమి లాభము? అతనికి దొరకునదే తక్కువ. మూడవది ఆదాయపు పన్ను వాదము. పాత పద్ధతిలో స్వయముగా నివసించు ఇంటి వడ్డీకి ఏడాదికి రెండు లక్షలవరకే మినహాయింపు. క్రొత్త పద్ధతిలో ఆ మినహాయింపే లేదు. ఉన్నచోటను, ముప్పది పైసల పన్ను తప్పించుకొనుటకై రూపాయి వడ్డీ కట్టుటను ఆదాయమని పిలుచువారితో మేము వాదింపజాలము.

మన పూర్వచరిత్ర యీ విషయమున మౌనముగా లేదు. వడ్డీ యొక్కసారిగా అసలును మించి వసూలు చేయరాదను దామదుపటు న్యాయము హిందూధర్మశాస్త్రములయందు ప్రాచీనమైనది. 1938లో రాజగోపాలాచారిగారి మంత్రివర్గము మద్రాసు రాజధానియందు రైతుఋణ విమోచన శాసనము చేసినది. నాటి ఆంధ్రజిల్లాల రైతులు దాని ఫలమును పొందిరి. 1932 అక్టోబరు 1కి పూర్వపు అప్పులలో, అసలు క్రిందనేమి వడ్డీ క్రిందనేమి, రైతు అసలునకు రెండింతలు చెల్లించియున్నచో ఆ అప్పు పూర్తిగా తీరినట్లేయని అందొక విధి కలదు. ఆ కొలతతో చూచిన, మనము పైన చెప్పిన ఇరువది యేండ్ల ఋణము రెండింతలను దాటుచున్నది. ముప్పది యేండ్ల ఋణము ఇంచుమించు రెండుముప్పాతిక యింతలగుచున్నది. నాటి శాసనమును నేటి బ్యాంకులకు తగిలింపుమని మేము కోరుట లేదు. నాటి రైతు కఱవున చిక్కి, నోటికి వచ్చిన వడ్డీకి తలయొగ్గి అప్పు చేసినవాడు. నేటి ఉద్యోగి తన యిచ్ఛచే చేయుచున్నాడు. ఐనను ఒక భేదమును గమనింపుడు. నాటి శాసనకర్తలు మొత్తముగా ఎంత చెల్లించెనని యడిగిరి. నేడు అప్పిచ్చువాడుగాని పుచ్చుకొనువాడుగాని ఆ ప్రశ్న నడుగుట లేదు.

శాసనము నేడెవరి పక్షమున నున్నది? కంతు తొంబది దినములు మించి బాకీపడినచో ఆ ఋణము చెడుబాకీల పద్దునకెక్కును. 2002 నాటి సర్ఫేసీ శాసనముననుసరించి అఱువది దినముల నోటీసిచ్చి, ముందుగా సివిలు కోర్టున దావా వేయకయే, బ్యాంకు ఇంటిని స్వాధీనపఱచుకొని వేలము వేయవచ్చును. వ్యవసాయభూమికి ఆ శాసనమునుండి మినహాయింపు కలదు. పట్టణవాసి నివసించు ఇంటికి లేదు. గృహస్థునకు మిగిలిన దారి హైదరాబాదుననో విశాఖపట్టణముననో ఋణవసూలు ట్రిబ్యునలు గుమ్మమెక్కుట. పదునాలుగేండ్లు కట్టినవాడైనను, పదునాలుగు నెలలు కట్టినవాడైనను ఆ శాసనమునకు సమానమే. ఇంత కఠినమైన యధికారమును పొందినవారికి, సంతకమునకు ముందు మొత్తమును తేటతెల్లముగా చెప్పు బాధ్యత యుండవలదా?

ఉన్నదనియే చెప్పవలయును. 2024 అక్టోబరు 1 నుండి ప్రతి గృహఋణమునకును ముఖ్యవివరముల పత్రమొకటి ముందుగా నీయవలయునను నియమము అమలులోనికి వచ్చినది. రుసుములతోకూడిన ఏటి వడ్డీరేటు, కంతుకంతునకు అసలు వడ్డీల విభజన అందుండవలయును. అది ఋణస్థునకు తెలియు భాషలో నుండవలయును. తెలుగువాడు తెలుగున ఇమ్మని అడుగుటకు ఇంతకంటె ఆధారమేమి కావలయును? అడుగుడు. ఇంగ్లీషు పత్రముపై సంతకము పెట్టి తెచ్చుకొని, తరువాత పఠనమందిరమున మా వంటివారిచేత చదివించుకొనుట యేమి ధర్మము?

ఇప్పటికే అప్పులోనున్నవారు నిరాశపడనక్కఱలేదు. మారువడ్డీ గృహఋణమును ముందుగా తీర్చిన వ్యక్తులపై బ్యాంకులు జరిమానా వేయరాదని 2012లోనే రిజర్వుబ్యాంకు నిషేధించినది. మొదటి లెక్కలోని 50 లక్షల ఋణమునకు నెలకు 5 వేలు అదనముగా తొలినుండియు కట్టినచో, 240 కంతుల ఋణము 187 కంతులతో తీరిపోవును; వడ్డీలో సుమారు 14 లక్షలు మిగులును. తొలియేండ్లలో కట్టిన అదనపు రూపాయికి ఉన్న బలము కడపటి యేండ్ల రూపాయికి లేదు. కావున పండుగ బోనసు వచ్చినపుడు క్రొత్త కారు తలపునకు వచ్చువారు ఈ లెక్కను ఒకసారి వేసికొందురుగాక.

కడపట ఒక కోరిక. ఆంధ్రప్రదేశమునందును తెలంగాణమునందును రాష్ట్రస్థాయి బ్యాంకర్ల సమితులు కలవు. గృహఋణ మిచ్చు ప్రతి శాఖలోను, ఋణప్రతినిధి కూర్చుండు బల్ల వెనుక గోడపై, తెలుగున, దూరమునుండి కనబడునంత పెద్ద యక్షరములతో ఒక పట్టిక వ్రేలాడదీయింపవలసినదని ఆ సమితులను కోరుచున్నాము. వారికి శ్రమ లేకుండ లెక్కను మేమే వేసి యిచ్చుచున్నాము. నూటికి 8.5 వడ్డీతో లక్ష రూపాయల యప్పు పదేండ్లలో తీర్చిన 1,48,783 రూపాయలు, పదునైదేండ్లలో తీర్చిన 1,77,253, ఇరువదియేండ్లలో 2,08,278, ముప్పదియేండ్లలో 2,76,809. వడ్డీ మాఱినపుడెల్ల ఈ నాలుగంకెలను తుడిచి మఱల వ్రాయవలయును. అందులకు ఒక నల్లబల్లయు, ఒక సుద్దముక్కయు చాలును.